వీధి చివర బీడుకు మనమూ కాపలా

తూర్పు లండన్‌లో మేనర్ పార్క్, ఫారెస్ట్ గేట్, ఈస్ట్ హామ్, ఇల్ఫర్డ్ చుట్టుపక్కల కాపురముంటున్న తెలుగువారికీ, ఇక్కడి మన సంఘాల పెద్దలకూ, ఆదివారం క్రికెట్ జట్లు నడిపే తమ్ముళ్లకూ నమస్కారం.

ఈ ఉత్తరం వాన్‌స్టెడ్ ఫ్లాట్స్ గురించి. మేనర్ పార్క్ స్టేషన్ దిగి నాలుగడుగులు వేస్తే ఎదురయ్యే ఆ పెద్ద బయలు గురించి. పేరు చూసి కొత్తగా వచ్చినవాళ్లు అపార్ట్‌మెంట్లనుకుంటారు గానీ అక్కడ ఒక్క ఇల్లూ లేదు. 334 ఎకరాల గడ్డి, ముళ్లపొదలు, చెరువులు, అక్కడక్కడ చెట్ల గుంపులు, ఫుట్‌బాల్ గోల్‌పోస్టులు. మనవాళ్ల నోట్లో అది "గ్రౌండ్". కాస్త ఎండ పొడిస్తే పిల్లల్ని తీసుకెళ్లే చోటు. ఇండియా నుంచి అమ్మానాన్నలు వస్తే పొద్దున్నే నడిచిరమ్మని పంపే చోటు. కేపెల్ రోడ్డు వైపు బెంచీల మీద స్వెట్టర్లు, మంకీ క్యాపులు వేసుకుని గుంటూరు మిర్చి ధర గురించీ, కరీంనగర్ సంబంధాల గురించీ మాట్లాడుకునే పెద్దవాళ్లు వేసవి పొడుగునా కనబడతారు. విజిటింగ్ వీసా మీద వచ్చిన మనిషికి ఈ ఊళ్లో దొరికే ఊరి అరుగు అదొక్కటే.

మీతో నా పని ఇదీ. ఇన్నేళ్లుగా ఆ నేలను మనం వాడుకుంటున్నాం. దాని గురించి ఎక్కడైనా మాట వస్తే మాట్లాడేవాళ్లలో మాత్రం మనం లేం. దానికేదైనా ముప్పు వస్తే ముందుగా తెలుసుకునేవాళ్లలోనూ లేం. ఉండాలి. ఎందుకుండాలో చెప్పాలంటే కొంచెం పాత కథ తవ్వాలి. ఓపిక పట్టండి, అందులో మన మచిలీపట్నమూ, మన రాయలసీమా కూడా తగులుతాయి.

ముందు ఒక పొరపాటు అభిప్రాయం సరిచేసుకుందాం. ఇది కౌన్సిల్ పార్కు కాదు. భూమిలో ఎక్కువ భాగం రెడ్‌బ్రిడ్జ్ బరోలో ఉంది, దక్షిణపు అంచున న్యూహామ్ ఇళ్లు ఆనుకుని ఉన్నాయి. కానీ దాన్ని చూసుకునేది ఈ రెండు కౌన్సిళ్లూ కాదు, సిటీ ఆఫ్ లండన్ కార్పొరేషన్. బ్యాంకులూ గాజు మేడలూ ఉన్న ఆ ఒక్క చదరపు మైలు నగరానికి పాలక మండలి అది. ఇక్కడి నుంచి ఉత్తరంగా ఎప్పింగ్ పట్టణం దాటేదాకా, దాదాపు 6,000 ఎకరాల్లో సాగే ఎప్పింగ్ ఫారెస్ట్ మొత్తం దాని సంరక్షణలోనే ఉంది. మన ఫ్లాట్స్ ఆ అడవికి దక్షిణపు కొస. ఖర్చులో పెద్ద భాగం కార్పొరేషన్ తన సొంత నిధి నుంచి పెడుతుంది, మన కౌన్సిల్ ట్యాక్స్ నుంచి కాదు. కాబట్టి అక్కడ చెత్త ఎత్తలేదని న్యూహామ్ కౌన్సిలర్‌కు ఫోన్ చేసి అరవడం వల్ల ఉపయోగం తక్కువ. ఎంతసేపూ తప్పు తలుపే కొడుతున్నాం.

నగరం నడిబొడ్డున ఉన్న కార్పొరేషన్‌కు ఇక్కడి గడ్డి నేలతో పనేమిటి? అసలు కథ అక్కడే ఉంది.

పాతకాలంలో ఈ నేల దొరలది. అయితే దొరకు పూర్తి హక్కు లేదు. నేల దొరదే, దాని మీద మొలిచిన గడ్డి మాత్రం చుట్టుపక్కల ఊళ్ల రైతులది. పశువుల్ని తోలుకొచ్చి మేపుకోవచ్చు, కొన్నిచోట్ల పొయ్యికి కొమ్మలు కొట్టుకోవచ్చు. కోస్తాలో పశువుల బీడు అనీ, తెలంగాణలో బంచరాయి అనీ మన తాతలు ఎరిగిన భూమి లాంటిదే ఇదీ. దున్నడానికి లేదు, అమ్మడానికి లేదు, కంచె వేయడానికి అసలే లేదు.

1673లో ఈ వాన్‌స్టెడ్ జమీను కొన్నవాడు జొసయా చైల్డ్. ఈస్టిండియా కంపెనీలో చక్రం తిప్పి, తర్వాత దానికి గవర్నర్ కూడా అయిన మనిషి. కంపెనీ 1611లోనే మచిలీపట్నంలో కొట్టు తెరిచింది. నరసాపురం పక్కనున్న మాధవాయపాలెంలోనూ దానికి స్థావరం ఉండేది. మన నేతగాళ్ల బట్ట అక్కడ ఓడలెక్కి లండన్‌లో దిగేది. ఆ వ్యాపారంలో పోగైన సంపదతో చైల్డ్ కుటుంబం ఇక్కడ స్థిరపడింది. కొడుకు రిచర్డ్ చైల్డ్ 1715 ప్రాంతంలో వాన్‌స్టెడ్ హౌస్ అనే రాజభవనం లాంటి ఇల్లు మొదలుపెట్టాడు. దేశదేశాల నుంచి జనం చూడటానికి వచ్చేవాళ్లట. ఇప్పుడక్కడ ఒక్క ఇటుక లేదు, గోల్ఫ్ కోర్సు ఉంది. కారణం ఒక అల్లుడు. ఆ ఆస్తికి వారసురాలైన కేథరిన్‌ను 1812లో పెళ్లాడిన విలియం వెల్లస్లీ అప్పుల్లో కూరుకుపోయి, 1822లో ఇంట్లో సామానంతా వేలానికి పెట్టించాడు. తర్వాత గోడలు కూడా రాళ్ల కింద అమ్ముడుపోయాయి.

ఇల్లు పోయినా భూమి మిగిలింది. ఆ కుటుంబంలో చేతులు మారి మారి 1860ల్లో దగ్గరి బంధువైన కౌలీ ప్రభువుకు చేరింది. ఈయన కూడా వెల్లస్లీయే. ఏ వెల్లస్లీ అంటారా? 1800లో నిజాం చేత బళ్లారి, అనంతపురం, కడప ప్రాంతాలను కంపెనీకి రాయించుకున్న గవర్నర్ జనరల్ రిచర్డ్ వెల్లస్లీకి స్వయానా తమ్ముడి కొడుకు. దత్తమండలాలని మన పాఠాల్లో చదువుకున్నామే, ఆ వ్యవహారం నడిపిన ఇంటి మనిషి. కడప నుంచి వచ్చి మేనర్ పార్క్‌లో ఇల్లు కొనుక్కున్న మిత్రుడికి ఈ సంగతి చెబితే, "వీళ్లు మనల్ని ఎక్కడా వదల్లేదన్నమాట" అని నవ్వాడు.

అప్పటికి రైళ్లు వచ్చాయి, రేవు పెరిగింది, స్ట్రాట్‌ఫర్డ్, వెస్ట్ హామ్ వైపు ఊళ్లకు ఊళ్లు లేస్తున్నాయి. పచ్చిక కన్నా ఇంటి స్థలానికి విలువెక్కువ. దొరలు ఒక్కొక్కరే కంచెలు వేసుకుంటూ పోయారు. వాళ్ల ధైర్యానికి కారణం ఉంది. పక్కనే ఉన్న హైనాల్ట్ అడవికి 1851లో చట్టం చేసి మరీ అడవి హోదా తీసేసి, చాలా భాగం కొద్ది కాలంలోనే కొట్టేసి దున్నేశారు. ఇల్ఫర్డ్ వాళ్లకు హైనాల్ట్ అంటే సెంట్రల్ లైన్ స్టేషన్ గుర్తొస్తుంది, నూటడెబ్భై ఏళ్ల కిందట అక్కడ పెద్ద అడవి ఉండేది. ఎప్పింగ్‌కూ అదే గతి పడుతుందని అందరూ అనుకున్నారు. లౌటన్‌లో థామస్ విల్లింగేల్ అనే మామూలు మనిషి పాత హక్కు ప్రకారం కొమ్మలు కొడుతూనే ఉంటానని మొండికేశాడు. 1866లో అతని ఇంటివాళ్లు జైలుకు కూడా వెళ్లారు.

ఫ్లాట్స్ మీద కౌలీ ప్రభువు కంచె దిగినప్పుడు కథ లౌటన్ పల్లె దాటి ఈస్ట్ ఎండ్ కార్మికుల దాకా వచ్చింది. 1871 జూలై 8, శనివారం. వేలమంది ఇక్కడికి నడిచొచ్చారు. ఇరుకు గదుల్లో పిల్లాపాపలతో బతుకుతూ, సెలవు రోజున గాలి పీల్చుకోవడానికి ఈ బయలు తప్ప మరో దిక్కులేని జనం. సభ పెట్టినవాళ్లు మర్యాదస్తులు, ఉపన్యాసాలతో ముగించాలనుకున్నారు. పోలీసులూ బాగానే దిగారు. సభ అయిపోయింది, చాలామంది పోలీసులు వెళ్లిపోయారు. పొద్దు వాలే వేళకు జనం కంచెను పట్టుకుని ముక్కలు ముక్కలుగా పీకేశారు. అది చట్టబద్ధమా అంటే కాదు. కానీ మరుసటి వారం నుంచి పార్లమెంటులోనూ, పేపర్లలోనూ ఈ అడవి సంగతి మాట్లాడకుండా ఉండటం ఎవరి తరమూ కాలేదు.

కోర్టులో గెలిపించింది మాత్రం శ్మశానం.

ఫ్లాట్స్ తూర్పు కొసన ఉన్న సిటీ ఆఫ్ లండన్ సెమెటరీ మీ అందరికీ తెలుసు. నగరంలో చర్చి ఆవరణలు నిండిపోయి పూడ్చడానికి చోటు లేకపోతే, కార్పొరేషన్ ఇక్కడ ఆల్డర్స్‌బ్రూక్ పొలం కొని 1856లో శ్మశానం తెరిచింది. ఆ పొలంతో పాటే అడవిలో పశువుల్ని మేపుకునే హక్కు కూడా వచ్చింది. చనిపోయినవాళ్లకు పశువుల్లేవు సరే, కాగితం మీద హక్కు ఉంది కదా. పైగా ఎప్పింగ్‌లో ఒక విశేషం ఉంది. ఒక మేనర్, అంటే ఒక దొర జమీను, కింద ఉన్న రైతు ఆవు ఆ మేనర్ హద్దులోనే ఆగనక్కర్లేదు, అడవి మొత్తం తిరిగి మేయొచ్చు. అంటే ఒక్క పొలం యజమానికి అడవంతటి మీదా మేత హక్కు ఉన్నట్టే. ఆ తీగ పట్టుకుని కార్పొరేషన్ 1871లో మేనర్ దొరల మీద దావా వేసింది. ఏ పేద రైతూ భరించలేని లాయరు ఖర్చును నగరపు సొమ్ముతో భరించింది. 1874లో న్యాయమూర్తి జార్జ్ జెసెల్ కంచెలు చెల్లవని తీర్పిచ్చాడు. 1878లో ఎప్పింగ్ ఫారెస్ట్ చట్టం వచ్చింది. ఈ నేలను ఎల్లకాలం కంచె వేయకుండా, కట్టడాలు కట్టకుండా, ప్రజల ఆటపాటలకూ ఆనందానికీ బహిరంగంగా ఉంచాలన్నది అందులో ఉన్న కట్టుబాటు. 1882 మే 6న విక్టోరియా రాణి ఆ అడవిలోని హై బీచ్ అనే చోటికి వచ్చి అడవిని తన ప్రజలకు అంకితమిస్తున్నానంది. ఫొటోలు రాణిగారివి, పని కంచె పీకినవాళ్లది, బిల్లు శ్మశానానిది.

ఇక్కడితో ఆగిపోతే ఇది మ్యూజియం గోడ మీద రాసుకునే సంగతి. ఆగలేదు.

రెండో ప్రపంచ యుద్ధంలో ఈ నేల మీద విమాన విధ్వంసక ఫిరంగులు పెట్టారు, చివర్లో యుద్ధ ఖైదీలనూ ఉంచారు. యుద్ధం ముగిసేసరికి రేవు పక్కనున్న వెస్ట్ హామ్‌లో బాంబులకు వేల ఇళ్లు నేలమట్టమయ్యాయి. 1946లో వెస్ట్ హామ్ కౌన్సిల్ ఫ్లాట్స్‌లో కొంత భాగాన్ని బలవంతపు సేకరణ కింద తీసుకుని ఇళ్లు కట్టాలనుకుంది. ఈ ఘట్టం గురించి నేను చాలాసార్లు ఆలోచించాను. ఎందుకంటే ఇందులో దుర్మార్గుడు లేడు. కౌలీ ప్రభువు లాభం కోసం కంచె వేశాడు, ఈ కౌన్సిల్ ఇల్లు లేని కుటుంబాల కోసం అడిగింది. నేనే ఆ రోజుల్లో కౌన్సిలర్‌నైతే నేనూ అదే అడిగి ఉండేవాణ్ణేమో. అయినా జనం ఎదురు తిరిగారు. వేల సంతకాలు పోగయ్యాయి, బహిరంగ విచారణ జరిగింది. సంతకాలు పెట్టినవాళ్లలో చాలామంది తామే ఇరుకు ఇళ్లలో ఉన్నవాళ్లు. ఇల్లు ఇరుకైనప్పుడే బయట బయలు కావాలన్నది వాళ్ల వాదన. 1947లో ప్లానింగ్ మంత్రి లూయిస్ సిల్కిన్ కౌన్సిల్ ప్రతిపాదనను తోసిపుచ్చాడు. ఆ మంత్రి కూడా కౌన్సిల్ పాలకుల పార్టీవాడే.

ఇప్పుడు ఈస్ట్ హామ్‌లో ఒక గది అద్దె ఎంతో నాకన్నా మీకే ఎక్కువ తెలుసు. మాస్టర్స్ చదవడానికొచ్చిన పిల్లలు ఒక్కో ఇంట్లో ఎంతమంది సర్దుకుంటున్నారో కూడా తెలుసు. రేపెప్పుడైనా "అంత భూమి ఊరికే పడి ఉంది, ఇళ్లు కట్టొచ్చు కదా" అని ఒక మంచిమనిషే అంటాడు. మనలో కూడా ఆ మాట అనేవాళ్లున్నారు, ఒక పెళ్లి భోజనాల దగ్గర నా పక్కనే కూర్చుని అన్నారు. వాళ్ల బాధ నిజం. కానీ అద్దెలు పెరిగింది ఫ్లాట్స్‌లో గడ్డి ఉండటం వల్ల కాదు. అక్కడ కట్టే ఇళ్ల ధర గది అద్దెకుండే పిల్లలకు అందుతుందని నమ్మడం కష్టం. పోయిన బయలు మాత్రం మళ్లీ రాదు.

2012 ఒలింపిక్స్ సంగతి మీలో పాతవాళ్లకు గుర్తుండాలి. స్ట్రాట్‌ఫర్డ్‌లో క్రీడలు జరుగుతుంటే పోలీసులకు ఒక తాత్కాలిక స్థావరం కావాల్సి వచ్చింది. ఫ్లాట్స్ మీద దాన్ని కట్టడానికి 1878 చట్టం ఒప్పుకోదు, అందుకని 2011లో ఆ చట్టాన్నే సడలించారు. స్థానికులు గట్టిగానే వ్యతిరేకించారు, ఆపలేకపోయారు. అయితే అనుమతి ఆ ఒక్క సందర్భానికే, 90 రోజులకే అని కాగితం మీద పడింది. తర్వాత నేలను మళ్లీ మామూలుగా చేసి వెళ్లారు. గట్టిగా అడిగేవాళ్లున్నచోట సడలింపుకు కూడా హద్దు గీయక తప్పదు. అడిగినవాళ్లలో మనం ఎంతమందిమి? 2012 నాటికి ఈస్ట్ హామ్‌లో మన కిరాణా కొట్లున్నాయి, టిఫిన్ సెంటర్లున్నాయి, హై స్ట్రీట్ నార్త్‌లో మహాలక్ష్మి గుడి ఉంది. సంతకాల కాగితాల్లో మన ఇంటిపేర్లు ఎన్ని ఉండి ఉంటాయో మీకే వదిలేస్తున్నాను.

ఇదంతా మనకు పట్టని విషయమా అంటే, కాదు. 2025లో హైదరాబాద్ విశ్వవిద్యాలయం పక్కన కంచ గచ్చిబౌలిలో 400 ఎకరాల మీదికి బుల్డోజర్లు వచ్చినప్పుడు ఇక్కడి మన వాట్సాప్ గ్రూపులు రాత్రంతా నిద్రపోలేదు. నెమళ్లు అరిచే వీడియోలు ఎన్నిసార్లు ఫార్వర్డ్ అయ్యాయో లెక్కలేదు. ఏప్రిల్ 3న సుప్రీంకోర్టు చెట్లు కొట్టడం ఆపమన్నప్పుడు మిఠాయి బొమ్మలు పెట్టుకున్నాం. ఏ పార్టీది తప్పని కొట్టుకున్నాం కూడా, అది వేరే సంగతి. అయిదు వేల మైళ్ల అవతలి 400 ఎకరాల కోసం అంత కదిలిన మనసు, వీధి చివరి 334 ఎకరాల దగ్గరికొచ్చేసరికి ఎందుకు చల్లబడుతుంది? ఇది మన ఊరు కాదన్న భావన ఒకటుంది లోపల. ఇల్లు కొన్నాం, పిల్లలిక్కడే పుట్టారు, కొందరం పాస్‌పోర్టు కూడా మార్చుకున్నాం. అయినా ఊరి విషయాలు ఊరివాళ్లు చూసుకుంటారులే అంటాం. 1871లో కంచె పీకినవాళ్లలోనూ చాలామంది బతుకుతెరువు కోసం వేరే చోట్ల నుంచి ఈస్ట్ ఎండ్‌కు చేరినవాళ్లే. మేత హక్కు వాళ్లకు లేదు, ఆవులూ లేవు. సాయంత్రం నడవడానికి నేల కావాలన్నదొక్కటే వాళ్ల దగ్గరున్న హక్కు. మనకున్నదీ అదే.

ఇక మన చేతుల్లో ఉన్న సంగతులకు వస్తాను. కాస్త కటువుగా ఉంటే క్షమించండి.

మొదటిది నిప్పు. 2018 జూలై 15, ఆదివారం. ఫుట్‌బాల్ ప్రపంచకప్ ఫైనల్ రోజు. వారాలుగా వానలేక గడ్డి ఎండి పేలాలవుతున్న సమయంలో ఫ్లాట్స్ అంటుకుంది. 40 ఫైరింజన్లు, రెండు వందల మందికి పైగా సిబ్బంది దిగాల్సి వచ్చింది. లండన్‌లో అంత పెద్ద గడ్డి మంటను ఎన్నడూ చూడలేదని అగ్నిమాపక శాఖే చెప్పింది. నాలుగేళ్లకు, 2022 జూలై 19న, ఈ దేశంలో మొదటిసారి ఎండ 40 డిగ్రీలు దాటిన రోజున, ఇదే తూర్పు లండన్ శివారు వెన్నింగ్టన్‌లో గడ్డి మంట ఇళ్ల మీదికే వచ్చి వాటిని బూడిద చేసింది. కేపెల్ రోడ్డు ఇళ్లకూ గడ్డికీ మధ్య ఉన్నది ఒక్క రోడ్డు. ఇన్ని తెలిసీ జూలైలో అక్కడ బొగ్గుల పొయ్యి పెట్టి చికెన్ కాల్చుకునేవాళ్లు కనబడుతూనే ఉన్నారు. అందరూ మనవాళ్లే అనను, మనవాళ్లు లేరనీ అనలేను. అడవి నిబంధనల ప్రకారం అక్కడ ఎక్కడా నిప్పు వెలిగించకూడదు. కాళ్లున్న పొయ్యి అయినా, అల్యూమినియం ట్రే అయినా, "ఒక్క అరగంటే అన్నా" అన్నా సరే. ఇంట్లో వండి డబ్బాల్లో తీసుకెళ్లండి. పులిహోర చల్లారినా బాగానే ఉంటుంది.

రెండోది పిట్ట. స్కైలార్క్ అనే పక్షి ఇక్కడ నేల మీద, గడ్డి మొదళ్లలో గూడు కడుతుంది. చూడటానికి పిచ్చుక కన్నా కాస్త పెద్దది, మట్టి రంగు, నెత్తిన చిన్న కుచ్చు. రంగులో ఏమీ లేదు. కానీ ఏప్రిల్‌లో నిలువునా ఆకాశంలోకి లేచి, చుక్కంత అయ్యేదాకా పైకి పోతూ ఆపకుండా పాడుతుంది. లండన్ నడిబొడ్డుకు ఇంత దగ్గరలో ఆ పాట వినడానికి మరో చోటు దొరకదు. దేశమంతటా వాటి సంఖ్య పడిపోయి, ముప్పులో ఉన్న పక్షుల ఎర్ర జాబితాలో చేరాయి, ఫ్లాట్స్‌లో మిగిలినవి కొద్ది జంటలే. అందుకే కొన్నేళ్లుగా గూళ్లు కట్టే కాలంలో, సుమారు మార్చి నుంచి ఆగస్టు దాకా, కొంత మేరకు తాత్కాలికంగా కంచె కట్టి బోర్డులు పెడుతున్నారు. కంచె పీకినవాళ్లను ఇంతసేపు పొగిడి ఇప్పుడు కంచె దాటొద్దంటున్నానని నవ్వుకోండి, పరవాలేదు. ఈ కంచెకు అద్దె రాదు, ఆగస్టు దాటగానే తీసేస్తారు. అందులో పడ్డ బంతిని వదిలేయండి. కుక్కను పెంచుకునేవాళ్లు ఆ నెలల్లో తాడు వదలకండి. సంక్రాంతి గాలిపటాలు జనవరిలో ఎగరేస్తాం కాబట్టి గూళ్లకు ఇబ్బంది లేదు గానీ, మాంజా దారం చెట్లకు వదిలేస్తే ఏ పక్షి కాలికైనా చుట్టుకుంటుంది. నూలు దారం వాడండి, తెగింది ఏరుకుని రండి.

చెరువుల్లో అన్నం, చపాతీలు, బ్రెడ్ పోయడం పుణ్యమని మన పెద్దవాళ్ల నమ్మకం. అలెగ్జాండ్రా లేక్ గట్టు మీద కవరు కవరంతా బోర్లించే పిన్నులను చూశాను, కాదనడానికి నోరు రాదు. కానీ మిగిలింది కుళ్లి నీళ్లు పాడవుతాయి, ఎలుకలు చేరతాయి. అమ్మమ్మలకు ఈ మాట చెప్పగలిగేది మనవలే, వాళ్లకు అప్పగించండి. బతుకమ్మ సంగతీ అంతే. హాల్లో ఆడుకున్నాక ఆ చెరువుల్లో వదలాలని మనసు లాగుతుంది. పూల కింద తట్ట, దారం, రంగు కాగితం, థర్మకోల్ ఏవీ నీళ్లకు మంచివి కావు. అనుమతి లేకుండా వదలకండి.

క్రికెట్ తమ్ముళ్లకు ఒక్క మాట. మీరు ఆడటం నాకు సంతోషం. ఆ నేల ఆటల కోసమేనని చట్టమే చెబుతోంది. అయితే పిచ్ కోసమని పారతో గడ్డి చెక్కేయకండి. అది సాదాసీదా లాన్ కాదు. సారం లేని గులకరాళ్ల నేల మీద, ఎరువు ఎరగకుండా, వందల ఏళ్లుగా పశువులు మేయగా మేయగా కుదురుకున్న పచ్చిక. సారం లేకపోవడమే దాని బలం. అలాంటి నేలలో మాత్రమే మొలిచే మొక్కలు, వాటి మీద బతికే పురుగులు, వాటి మీద బతికే పిట్టలు అక్కడున్నాయి. ఒకసారి చెక్కితే మీ రిటైర్‌మెంట్ మ్యాచ్ నాటికి కూడా పూర్వంలా కాదు.

పశువులంటే గుర్తొచ్చింది. 1996 దాకా ఇక్కడ ఆవులు స్వేచ్ఛగా తిరిగేవి. వాన్‌స్టెడ్ హై స్ట్రీట్‌లో ట్రాఫిక్ ఆపేసేవి, ఇళ్ల ముందు గులాబీలు మేసేవి. పిచ్చి ఆవు జబ్బు గొడవతో అది ఆగిపోయింది. పాత ఇంగ్లీషు పొరుగువాళ్లు ఇప్పటికీ ఆ రోజులు తలచుకుంటారు. మీ పక్కింటి తాతగారిని ఒకసారి కదిపి చూడండి. ఆవుల పేరు చెప్పి మొదలుపెడితే మీకు ఈ నేల గురించి నాకన్నా ఎక్కువే చెబుతారు.

చివరగా అసలు అడగాల్సింది. ఎప్పింగ్ ఫారెస్ట్ వ్యవహారాలు చూసే కార్పొరేషన్ కమిటీలో కార్పొరేషన్ సభ్యులతో పాటు నలుగురు వెర్డరర్లు కూర్చుంటారు. అడవి చుట్టుపక్కల జనం తరఫున ఉండేవాళ్లు, ఏడేళ్లకోసారి ఎన్నికవుతారు. వాళ్లకు ఓటేసేది మేత హక్కు నమోదైన కామనర్లు. ఆ హక్కు కావాలంటే అడవి పారిష్‌లలో, అంటే అడవి చుట్టూ ఉన్న పాత చర్చి గ్రామాల పరిధుల్లో, అరెకరం భూమి ఉండాలి. ఈస్ట్ హామ్‌లో గోడకు గోడ ఆనుకున్న ఇంట్లో, వెనక తులసి కుండీ పెట్టడానికి కష్టంగా చోటు చూసుకునే మనకు అరెకరం ఎక్కడిది! ఓటు రాదు. ఈ పద్ధతి మారాలని నా అభిప్రాయం. 1878 నాటి రైతు లెక్క నేటి శివారు జనానికి సరిపోదు. మారేదాకా చేతులు కట్టుకుని కూర్చోనక్కర్లేదు. ఆ కమిటీ సమావేశాల అజెండాలూ కాగితాలూ కార్పొరేషన్ వెబ్‌సైట్‌లో అందరికీ కనబడతాయి. నేల గురించి ఏదైనా మార్పు తలపెట్టినప్పుడు ప్రజాభిప్రాయం అడుగుతారు. అడిగినప్పుడు వచ్చే జవాబుల్లో మన వీధుల నుంచి ఒక్కటీ లేకపోతే, ఆ వీధుల్లో ఉన్నవాళ్లకు ఏమీ పట్టదనే రాసుకుంటారు.

అందుకని సంఘాల పెద్దలకు నా విన్నపం. ప్రతి సంఘంలో సాంస్కృతిక కార్యదర్శి ఉన్నారు, క్రీడా కార్యదర్శి ఉన్నారు, సావనీర్‌కు యాడ్లు తెచ్చే పెద్దమనిషి ఉన్నారు. ఫ్లాట్స్ సంగతులు కనిపెట్టి ఉండటానికి ఒక మనిషిని పెట్టండి. చిన్న వయసు వాళ్లయితే మంచిది, ఇక్కడే పుట్టి పెరిగిన పిల్లలైతే ఇంకా మంచిది. కమిటీ కాగితాలు చూసి, మనకు సంబంధించింది ఉంటే తెలుగులో నాలుగు ముక్కలు రాసి గ్రూపులో పెట్టడం వాళ్ల పని. అభిప్రాయం అడిగినప్పుడు మనందరి చేతా రాయించడం కూడా. మీ ఉగాది కార్యక్రమం మార్చి, ఏప్రిల్ నెలల్లోనే పడుతుంది, స్కైలార్క్ కంచెలు కట్టేదీ అప్పుడే. పంచాంగ శ్రవణం అయ్యాక రెండు నిమిషాలు మైకు ఇస్తే ఆ ఏడాది హద్దులెక్కడో నేనే వచ్చి చెబుతాను. బెంచీల మీద కూర్చునే పెద్దవాళ్ల కోసం నిప్పు గురించీ, చెరువుల గురించీ తెలుగులో ఒక పేజీ రాసి పెట్టాను. అచ్చు ఖర్చు సంఘం భరిస్తే పంచే బాధ్యత నాది.

ఇట్లు,
మేనర్ పార్క్‌లో మీ పొరుగువాడు